థాంక్స్‌గివింగ్ బల్ల దగ్గర మన వంతు వచ్చినప్పుడు ఏం చెప్పాలి: నవ్విస్తూ థాంక్స్ చెప్పడానికి పూర్తి గైడ్

అమెరికాలో ఉంటున్న మనవాళ్ళకి థాంక్స్‌గివింగ్ అంటే నాలుగు రోజుల సెలవు, ఫ్రెండ్స్ ఇంట్లో పాట్‌లక్, శుక్రవారం డీల్స్, కుదిరితే ఒక రోడ్ ట్రిప్. ఇవన్నీ బానే ప్లాన్ చేసుకుంటాం, ఎవరు బిర్యానీ తేవాలి ఎవరు పెరుగన్నం తేవాలి అని వాట్సాప్ గ్రూప్‌లో రెండు వారాల ముందే తేల్చేసుకుంటాం. కానీ ఆ పండగ దేనికోసం పెట్టారో ఆ ఒక్క పని దగ్గరికి వచ్చేసరికి, అంటే బల్ల చుట్టూ కూర్చుని ఒక్కొక్కరూ ఎవరికి ఎందుకు థాంక్స్ చెప్పాలనుకుంటున్నారో చెప్పే టైంకి, చాలామంది నీళ్ళు నములుతారు. "ఫ్యామిలీ, హెల్త్, ఫ్రెండ్స్, అందరికీ థాంక్స్" అనేసి ప్లేట్ వైపు చూస్తారు. చెప్పాలని లేక కాదు, లోపల బోలెడంత ఉంటుంది, పదిమందిలో దాన్ని ఎలా బయటికి తీయాలో తెలీదు, ఎక్కువ చెప్తే నాటకంలా ఉంటుందేమో, మధ్యలో గొంతు పట్టేస్తుందేమో, అవతలివాళ్ళు ఇబ్బంది పడతారేమో అని మొహమాటం.

నేను నమ్మేది ఒకటే. మంచి థాంక్స్ చిన్నగా ఉంటుంది, ఒక మనిషికి ఉంటుంది, ఒక పని గురించి ఉంటుంది, విన్నవాళ్ళకి నవ్వొస్తుంది. అది పుట్టుకతో రావాల్సిన విద్య ఏం కాదు, ముందు ఓ అరగంట కూర్చుని ఆలోచించుకుంటే ఎవరికైనా వస్తుంది. ఆ అరగంటలో ఏం చేయాలి, ఆ రోజు ఏం చేయాలి, వరసగా చెప్తాను.

స్టెప్ 1: ముందు ఆ రోజు గురించి నాలుగు ముక్కలు తెలుసుకోండి

అమెరికాలో ఇది నవంబర్ నాలుగో గురువారం, 2026లో అయితే నవంబర్ 26న వస్తుంది. కెనడాలో ఉన్నవాళ్ళకి అక్టోబర్ రెండో సోమవారం, కాబట్టి టొరంటోలో ఉన్న మీ కజిన్‌కి నవంబర్‌లో విషెస్ పంపితే ఆరు వారాలు లేట్ అయినట్టు. 1863లో సివిల్ వార్ నడుస్తుండగా లింకన్ నవంబర్ ఆఖరి గురువారాన్ని దేశమంతా థాంక్స్‌గివింగ్‌గా జరుపుకోమని ప్రకటించాడు, దాని వెనక సారా జోసెఫా హేల్ అనే మ్యాగజైన్ ఎడిటర్ ఏళ్ళ తరబడి ప్రెసిడెంట్లకి, గవర్నర్లకి ఉత్తరాలు రాసి రాసి పట్టుబట్టింది. 1939లో అప్పటి ప్రెసిడెంట్ రూజ్‌వెల్ట్ క్రిస్మస్ షాపింగ్‌కి ఇంకాస్త టైం దొరకాలని ఒక వారం ముందుకి జరిపితే కొన్ని రాష్ట్రాలు సరే అన్నాయి, కొన్ని మాకొద్దు అన్నాయి, దేశంలో రెండు వేర్వేరు గురువారాల్లో పండగ జరిగింది, ఆ గొడవంతా తేలి 1941లో నాలుగో గురువారం అని చట్టం వచ్చింది. బల్ల దగ్గర మాటలు ఆగిపోయినప్పుడు ఈ కథ భలే పనికొస్తుంది.

ఇంకో విషయం కూడా తెలిసుండాలి. ఈ పండగకి మూలం అని చెప్పుకునే కథలో, 1621లో మసాచుసెట్స్‌లోని ప్లిమత్‌లో కొత్తగా వచ్చి స్థిరపడ్డ ఇంగ్లీష్‌వాళ్ళు, అక్కడి వాంపనోగ్ తెగవాళ్ళు కలిసి మూడు రోజులు భోజనాలు చేశారన్నది నిజమే, వాంపనోగ్ నాయకుడు మసాసోయిట్‌తో పాటు తొంభై మంది దాకా వచ్చారు. కానీ తర్వాత ఆ తెగలు భూములు పోగొట్టుకున్నాయి, ప్రాణాలు పోగొట్టుకున్నాయి, అందుకే 1970 నుంచి ప్రతి ఏడాదీ ఇదే గురువారం ప్లిమత్‌లో నేటివ్ అమెరికన్లు సంతాప దినం జరుపుతున్నారు. కాబట్టి పిల్లలకి ఈకల టోపీలు పెట్టి నవ్వించడం, ఆ తెగల మీద జోకులు వేయడం ఇవేవీ వద్దు. నవ్వుకోవడానికి వేరేవి చాలా ఉన్నాయి.

స్టెప్ 2: వారం ముందు ఫోన్ తీసి పేర్లు వెతకండి

"ఈ సంవత్సరం నాకు ఎవరు హెల్ప్ చేశారు" అని కళ్ళు మూసుకుని ఆలోచిస్తే ఎప్పుడూ వచ్చే నాలుగు పేర్లే వస్తాయి. అలా కాకుండా ఫోన్‌లో గ్యాలరీ ఓపెన్ చేసి జనవరి నుంచి కిందకి స్క్రోల్ చేసుకుంటూ రండి. ఫోటోల్లో ఉన్నవాళ్ళని వదిలేయండి, ఫోటో తీసింది ఎవరు అని చూడండి. పాప బర్త్‌డేకి అందరూ కేక్ దగ్గర నిలబడ్డారు, ఒక ఫ్రెండ్ మాత్రం ఒక్క ఫోటోలోనూ లేడు, ఎందుకంటే కెమెరా పట్టుకుంది అతనే. అతని పేరు రాసుకోండి.

తర్వాత క్యాలెండర్ చూడండి. ఎయిర్‌పోర్ట్‌కి ఎవరు దింపారు, అదీ తెల్లవారుజామున నాలుగింటికి. అపార్ట్‌మెంట్ మారినప్పుడు ఎవరు వచ్చారు. మీరు ఇండియా వెళ్తే మెయిల్‌బాక్స్ ఎవరు చూశారు, తులసి మొక్కకి నీళ్ళు ఎవరు పోశారు. ఉద్యోగం పోయినప్పుడు రిఫరల్ ఎవరు ఇచ్చారు, ఇంటర్వ్యూ ముందు రాత్రి మాక్ ఇంటర్వ్యూకి ఎవరు కూర్చున్నారు. డెలివరీ తర్వాత ఎవరు పథ్యం వండి గుమ్మం దగ్గర పెట్టి బెల్ కొట్టి, లోపలికి కూడా రాకుండా వెళ్ళిపోయారు. కాల్ హిస్టరీ చూడండి, జెల్ (Zelle) యాప్‌లో డబ్బులు పంపిన లిస్ట్ చూడండి, నెలనెలా కిరాణా బిల్లు పంచుకునే మనిషి ఎవరో, అడగకుండానే రెండు వారాలు ఆగిన మనిషి ఎవరో అక్కడ కనపడతారు.

మనకి సర్వీస్ ఇచ్చేవాళ్ళని కూడా మర్చిపోవద్దు, స్కూల్ బస్ డ్రైవర్, డేకేర్ టీచర్, అపార్ట్‌మెంట్‌లో హీటర్ బాగుచేసే ఆయన. వీళ్ళకి చెప్పేది ఎవరూ ఉండరు కాబట్టి వీళ్ళకి చెప్పిన మాట చాలా దూరం వెళ్తుంది. లిస్ట్‌లో ఎనిమిది, పది పేర్లు వస్తే చాలు, అందులో ఒక్కటి బల్ల దగ్గరికి, మిగతావి మెసేజ్‌లకి.

స్టెప్ 3: ప్రతి పేరు పక్కన ఒక్క పని రాయండి

ఈ గైడ్‌లో ఇంకేం గుర్తుపెట్టుకోకపోయినా ఇది గుర్తుపెట్టుకోండి. "నువ్వు ఎప్పుడూ నాకు సపోర్ట్‌గా ఉన్నావు" అన్నమాట ఎవరికైనా చెప్పచ్చు, అందుకే అది ఎవరికీ తగలదు. ఒక రోజు, ఒక పని, ఒక వస్తువు పట్టుకోండి. రూమ్మేట్‌కి చెప్పాలనుకోండి:

"హీటర్ 68లో పెట్టాలా 72లో పెట్టాలా అని మనం చలికాలమంతా కొట్టుకున్నాం. నాకు జ్వరం వచ్చిన వారం మాత్రం నువ్వే 74 పెట్టేసి ఇంట్లో టీషర్ట్ వేసుకుని చెమటలు కక్కుకుంటూ తిరిగావు. నేను చూశాను. నువ్వు అలాంటోడివి."

ఇందులో ఏం ఉన్నాయో చూడండి. అతను ఏం చేశాడో ఉంది, అది చెప్పేవాడు గమనించాడని ఉంది, చివర్లో అతను ఎలాంటి మనిషో ఉంది. ఆ చివరి ముక్కే ముఖ్యం. మనం థాంక్స్ చెప్పేటప్పుడు మామూలుగా మన లాభం గురించే చెప్తాం, నాకు టైం కలిసొచ్చింది, నాకు డబ్బులు మిగిలాయి, నాకు టెన్షన్ తగ్గింది అని. సారా ఆల్గో అనే సైకాలజిస్ట్, ఆవిడ టీమ్ 2016లో జంటల మీద చేసిన పరిశోధనలో తేలింది ఏంటంటే, మనకి కలిగిన లాభం చెప్పడం కన్నా ఎదుటి మనిషిలో ఉన్న మంచిని చెప్పే థాంక్స్ విన్నవాళ్ళకి ఎక్కువ హాయిగా అనిపిస్తుంది, ఆ చెప్పినవాళ్ళ మీద ఇష్టం కూడా పెరుగుతుంది. కాబట్టి "నాకు" అన్నమాట ఒకసారి వస్తే "నువ్వు" అన్నమాట రెండుసార్లు రావాలి, అదే లెక్క.

ఫోన్ నోట్స్‌లో పెద్ద వాక్యాలు రాసుకోకండి. "సోఫా, మూడో ఫ్లోర్, ఇడ్లీ" అని మూడు ముక్కలు చాలు. రాసుకుని చదివితే స్కూల్‌లో వ్యాసం అప్పజెప్పినట్టు ఉంటుంది, ముక్కలు చూసి చెప్తే మాట్లాడినట్టు ఉంటుంది.

స్టెప్ 4: నవ్వు ఎక్కడ పెట్టాలి

సీరియస్‌గా థాంక్స్ చెప్తే అవతలివాళ్ళు ఎటు చూడాలో తెలీక తల దించేసుకుంటారు, అందుకే కాస్త నవ్వు కలపాలి. ఇక్కడ వరస చాలా ముఖ్యం. నవ్వు ముందు, మనసులో మాట తర్వాత. ముందు నవ్విస్తే అందరి భుజాలు కాస్త వదులవుతాయి, అప్పుడు చెప్పిన అసలు మాట నేరుగా లోపలికి వెళ్తుంది. దీన్ని తిరగేసి, మంచి మాట చెప్పి వెంటనే సిగ్గేసి దాని మీద జోక్ వేస్తే చెప్పిన మాట తుడిచేసినట్టే. మనసులో మాట చెప్పాక నోరు మూసుకుని ఒక్క క్షణం ఆగడం కష్టమే గానీ ఆగాలి.

ఇల్లు మారడానికి హెల్ప్ చేసిన అన్నకి:

"అన్నా, ఆ సోఫా మూడో ఫ్లోర్ ఎక్కించిన రోజు మెట్ల మలుపులో అది ఇరుక్కుంది చూడు, ఇంక మనిద్దరం జన్మంతా అక్కడే సంసారం పెట్టాల్సిందే అనుకున్నా. పని అయ్యాక అందరూ వెళ్ళిపోయారు, నువ్వు మాత్రం రాత్రి మళ్ళీ ఇడ్లీలు పట్టుకొచ్చావు, గిన్నెలు ఇంకా ప్యాకింగ్‌లోనే ఉంటాయని నీకే తట్టింది. ఎదుటివాళ్ళకి ఏం కావాలో అడక్కుండా తెలిసిపోద్ది నీకు."

పిల్లాడిని చూసుకున్న వదినకి:

"వదినా, మా ఇంట్లో బెండకాయ కూర అంటే ఏడ్చేవాడు మీ ఇంట్లో అయితే రెండోసారి వడ్డించమంటాడంట, నాకు ఇది పెద్ద అవమానం. కానీ నేను హాస్పిటల్‌లో ఉన్నన్నాళ్ళూ వాడు ఒక్కసారి కూడా ఇంటికెళ్దాం అనలేదు. మీ పిల్లలకి ఎంత ఓపిక పెట్టారో వాడికీ అంతే పెట్టారు."

జోక్ ఎవరి మీద వేయాలి అంటే సోఫా మీద వేయండి, హీటర్ మీద వేయండి, ఆ రోజు వండే టర్కీ కోడి మీద వేయండి, మీ మీద మీరు వేసుకోండి. థాంక్స్ అందుకునే మనిషి మీద మాత్రం వద్దు. వాళ్ళ బరువు, వాళ్ళ జుట్టు, పెళ్ళి ఎప్పుడు, పిల్లలు ఎప్పుడు, గ్రీన్ కార్డ్ ఎక్కడిదాకా వచ్చింది, ఏ కంపెనీలో లేఆఫ్స్ జరుగుతున్నాయి, వీటి జోలికి పోవద్దు, ఎంత క్లోజ్ అయినా సరే, పదిమందిలో అది నవ్వుగా వెళ్ళి ముల్లుగా దిగుతుంది. భార్యాభర్తలు ఒకరి మీద ఒకరు వేసుకునే జోకులు కూడా ఇంట్లోనే బాగుంటాయి. "మా ఆవిడ ఈ సంవత్సరం నన్ను రెండుసార్లే తిట్టింది, థాంక్స్" అంటే అందరూ నవ్వుతారు, ఆవిడకి మాత్రం ఏం దక్కింది? సంవత్సరమంతా ఆవిడ చేసినవాటిలో ఒకటి పట్టుకుని చెప్పండి, "నా నైట్ షిఫ్ట్ ఉన్నన్నాళ్ళూ పొద్దున పిల్లల్ని కేకలు లేకుండా రెడీ చేసింది, మా ఇంట్లో పొద్దున ఏడింటికి నిశ్శబ్దం అంటే మీకెవరికీ నమ్మకం కలగదు, నేను నిద్రపోతున్నానని వాళ్ళకి సైగలు నేర్పింది" అని. దీనికీ నవ్వొస్తుంది, ఆవిడ మొహం కూడా వెలుగుతుంది.

స్టెప్ 5: బల్ల దగ్గర

అమెరికన్ కుటుంబాల్లో చాలాచోట్ల తినే ముందే ఈ రౌండ్ జరుగుతుంది, కొందరు చేతులు పట్టుకుని ప్రార్థన చేస్తారు, మీరు గెస్ట్ అయితే వాళ్ళ పద్ధతే మీ పద్ధతి, తల కాస్త వంచి మౌనంగా ఉంటే చాలు. మీ ఇంట్లోనే అయితే మాత్రం నా సలహా, గుమ్మడికాయతో చేసే స్వీట్, అదే 'పంప్కిన్ పై', బయటికి తీసినప్పుడు పెట్టుకోండి. ఆకలి మీద ఉన్న పిల్లలు, చల్లారిపోతున్న కూరలు, వీటి మధ్య ఎవరి మాటా ఎవరికీ ఎక్కదు. కడుపు నిండాక అందరూ కుర్చీలకి జారబడి ఉంటారు, అప్పుడు నోళ్ళు వాటంతటవే తెరుచుకుంటాయి. ఒకటే జాగ్రత్త, టీవీలో ఫుట్‌బాల్ మ్యాచ్ మొదలవకముందే. డెట్రాయిట్ లయన్స్ 1934 నుంచి, డాలస్ కౌబాయ్స్ 1966 నుంచి, మధ్యలో కొన్నేళ్ళు తప్ప, ఈ రోజు ఆడుతూనే ఉన్నారు, డాలస్ చుట్టుపక్కల మనవాళ్ళ ఇళ్ళల్లో అయితే మ్యాచ్ మధ్యలో థాంక్స్ రౌండ్ అంటే ఒప్పుకోరు.

మనిషికి అర నిమిషం. పన్నెండు మంది ఉంటే ఆరు నిమిషాలు, ఎవరికీ బోర్ కొట్టదు. ఇంటివాళ్ళు ముందు మొదలుపెట్టాలి, మొదటివాళ్ళు ఎంత చెప్తే మిగతావాళ్ళు అంత చెప్తారు, మొదటాయన ఐదు నిమిషాలు మాట్లాడితే మిగతావాళ్ళు దడుచుకుంటారు. కొత్తగా వచ్చినవాళ్ళని, మొన్ననే మాస్టర్స్‌కి దిగిన స్టూడెంట్స్‌ని ఫస్ట్ లేపకండి. "నేను పాస్" అనే అవకాశం అందరికీ ఉందని ముందే చెప్పేయండి, అలా చెప్తే నిజానికి ఎక్కువమంది మాట్లాడతారు.

చిన్నపిల్లల్ని "నువ్వు దేనికి థాంక్‌ఫుల్" అని అడిగితే స్కూల్‌లో నేర్పిన సమాధానం వస్తుంది, మామ్, డాడ్, మై డాగ్. ప్రశ్న మార్చండి. "ఈ సంవత్సరం నిన్ను ఎక్కువ నవ్వించింది ఎవరు?" "నువ్వు పడిపోతే ఎవరు లేపారు?" అనండి. అప్పుడు వాళ్ళు చెప్పే పేర్లు మీరు ఊహించనివి వస్తాయి, క్లాస్‌లో పక్కన కూర్చునే పిల్ల, క్రాసింగ్ గార్డ్, తాతయ్య వీడియో కాల్‌లో చేసిన కోతి మొహం.

ఊరి నుంచి వచ్చిన అత్తయ్యగారు, మామయ్యగారు ఉంటే వాళ్ళ వంతు దాటేయకండి, ఇంగ్లీష్ రాదని పక్కన కూర్చోబెట్టేయడం అన్యాయం. వాళ్ళు తెలుగులో చెప్తే ఎవరో ఒకరు అమెరికన్ ఫ్రెండ్స్‌కి చెప్పచ్చు, మనవడు చెప్తే ఇంకా బాగుంటుంది. వాళ్ళని కూడా మామూలు ప్రశ్న అడగద్దు, "ఇక్కడికొచ్చాక మీకు ఏ పని ఎవరు చేసిపెట్టారు" అని అడగండి. ఆరు నెలల నుంచి పార్కులో వాకింగ్‌కి తోడొచ్చే పక్క వీధి పంజాబీ పెద్దాయన గురించి చెప్తారు, ఇద్దరికీ ఒకరి భాష ఒకరికి రాకపోయినా రోజూ గంట ఎలా మాట్లాడుకుంటారో చెప్తారు, బల్లంతా పడి పడి నవ్వుతుంది.

మరీ బెరుకుగా ఉండే గుంపు అయితే చీటీల ఆట పెట్టండి. వచ్చిన వెంటనే ప్రతివాళ్ళకీ ఒక చీటీ, పెన్ను ఇచ్చి, ఈ గదిలో ఉన్న ఒకరికి థాంక్స్ రాయమనండి, ఎవరికి అన్నది రాయాలి, ఎవరు రాశారన్నది రాయకూడదు. ఒక గిన్నెలో వేసి కలిపి, స్వీట్ తినేటప్పుడు ఒకరు తీసి చదవాలి, రాసింది ఎవరో అందరూ గెస్ చేయాలి. "మా కారు బ్యాటరీ చచ్చిపోయిన రోజు మీరు పైజామా మీదే వచ్చేశారు" అని చదవగానే ఆయన ఎవరో అందరికీ తెలిసిపోతుంది, రాసింది ఎవరన్న దగ్గరే గోల మొదలవుతుంది. ఇంటివాళ్ళు ముందే ఒక పని చేయాలి, ఎవరికీ ఒక్క చీటీ కూడా రాకుండా పోకుండా చూసుకోవాలి, అందుకని గెస్ట్‌ల పేర్లతో నాలుగైదు చీటీలు మీరే రాసి పక్కన ఉంచుకోండి.

ఈశాన్య అమెరికాలోని న్యూ ఇంగ్లాండ్ వైపు పాత అలవాటు ఇంకోటి ఉంది, ఆ ప్లిమత్ ఇంగ్లీష్‌వాళ్ళకి తొలి రోజుల కరువు చలికాలంలో తలా ఐదు మొక్కజొన్న గింజలే దక్కాయని చెప్పుకునే కథని తలుచుకుంటూ ప్రతి ప్లేట్ పక్కన ఐదు గింజలు పెడతారు, ఒక్కో గింజకి ఒక్కో థాంక్స్ చెప్తారు. పెద్ద గుంపుకి ఐదు చాలా ఎక్కువ, రెండు చాలు.

స్టెప్ 6: పిలిచి భోజనం పెట్టినవాళ్ళకి

వీళ్ళకి విడిగా చెప్పాలి, అందరితో కలిపి "ఫుడ్ వాజ్ గ్రేట్" అనేసి వచ్చేయడం కాదు. టర్కీ వండటం ఎంత పనో తెలిస్తే ఏం చెప్పాలో అదే వస్తుంది. గడ్డకట్టిన టర్కీని ఫ్రిజ్‌లో కరిగించడానికి ప్రతి నాలుగైదు పౌండ్లకి ఒక రోజు పడుతుందని అమెరికా వ్యవసాయ శాఖ చెప్తుంది, అంటే పదిహేను పౌండ్ల టర్కీ అయితే గురువారం భోజనానికి ఆదివారమే ఫ్రిజ్‌లో చోటు ఖాళీ చేయాలి, మసాలా పట్టించాలి, ఆ రోజు పొద్దున్నే ఓవెన్‌లో పెట్టి, లోపల 165 ఫారెన్‌హీట్ వచ్చేదాకా థర్మామీటర్ గుచ్చి చూస్తూ ఉండాలి. కాబట్టి:

"మాకన్నా ముందే ఆదివారం నుంచే మీ ఫ్రిజ్‌లో ఒక గెస్ట్ దిగాడంట కదా. నాలుగు రోజుల పని మేం నలభై నిమిషాల్లో ఊదేశాం. మీరు ఒక్కసారి కూడా కూర్చోకుండా అందరి ప్లేట్లూ చూస్తూనే ఉన్నారు, ఇప్పుడు మీరు కూర్చోండి, కాఫీ నేను పెడతాను."

ఆ చివరి వాక్యం చాలా అవసరం. "ఏమైనా హెల్ప్ కావాలా" అని అడిగితే "అబ్బే, ఏం వద్దు" అనే అంటారు. అడగకుండా నిండిన ట్రాష్ బ్యాగ్ ముడేసి బయట పెట్టి కొత్తది వేయండి, సింక్ దగ్గర స్లీవ్స్ మడిచి నిలబడండి. మిగిలినవి తీసుకెళ్ళమంటారని తెలుసు కాబట్టి మీ డబ్బాలు మీరే తెచ్చుకోండి, వాళ్ళ స్టీల్ డబ్బాలు పట్టుకెళ్ళి ఉగాదికి తిరిగివ్వడం కన్నా అది మేలు.

మీరు శాకాహారులై ఆఫీస్ ఫ్రెండ్ ఇంటికి వెళ్తే ఒకటి గమనించండి. బ్రెడ్ ముక్కలతో చేసే స్టఫింగ్, మీద పోసుకునే గ్రేవీ ఈ రెండూ మామూలుగా మాంసం నీళ్ళతోనే చేస్తారు. మీ కోసం వెజిటబుల్ బ్రాత్‌తో విడిగా చిన్న గిన్నెలో చేసి, మీ పేరు రాసి పెట్టారంటే అది వాళ్ళు కొట్టుకెళ్ళి ప్యాకెట్ల వెనక అక్షరాలు చదువుకుంటూ చేసిన పని. అది తిని "టేస్టీ" అని ఊరుకోవద్దు. "నాకోసం మీరు ప్యాకెట్లన్నీ తిప్పి చదివారని నాకర్థమైంది" అనండి. వండినవాళ్ళు ఎంత సంతోషపడతారో మీరే చూస్తారు.

స్టెప్ 7: మెసేజ్‌లు

లిస్ట్‌లో మిగిలిన పేర్లకి. ఫార్వర్డ్ టర్కీ బొమ్మలు, మెరుపుల జిఫ్‌లు వద్దు, గ్రూప్‌లో ఒకేసారి "అందరికీ" వద్దు. ఒక్కొక్కరికీ రెండు మూడు లైన్లు, పేరు పెట్టి, పని చెప్పి. టైపింగ్ రాకపోతే అర నిమిషం వాయిస్ నోట్ పంపండి, గొంతులో నవ్వు వినపడుతుంది, అది ఏ ఎమోజీకీ రాదు.

ఇలా పంపితే విచిత్రంగా అనుకుంటారేమో అని వెనక్కి తగ్గేవాళ్ళకి ఒక మాట. అమిత్ కుమార్, నికొలస్ ఎప్లీ అనే ఇద్దరు పరిశోధకులు 2018లో దీని మీదే స్టడీ పబ్లిష్ చేశారు. కొంతమంది చేత థాంక్స్ లెటర్లు రాయించి, అందుకున్నవాళ్ళకి ఎలా అనిపిస్తుందో ముందే ఊహించమన్నారు, తర్వాత అందుకున్నవాళ్ళనే అడిగారు. అవతలివాళ్ళకి ఇబ్బందిగా ఉంటుందని రాసినవాళ్ళు అనుకున్నంత ఇబ్బంది వాళ్ళకి అసలు లేదు, సంతోషం మాత్రం ఊహించినదానికన్నా ఎక్కువ. మన భాష బాగుందా లేదా అని మనం చూసుకుంటాం, వాళ్ళు మన ఆప్యాయత చూసుకుంటారు.

మేనేజర్‌కి అయితే మరీ వంగిపోకుండా: "మీ మాట నేను తూచా తప్పకుండా పాటించింది బహుశా ఆ ఒక్కసారే, ఇండియా వెళ్ళేటప్పుడు లాప్‌టాప్ తెరవద్దన్నారు, నిజంగానే తెరవలేదు. మా నాన్న పక్కన నిశ్చింతగా కూర్చున్నాను. టీమ్‌లో అందరినీ మీరు అలాగే చూస్తారు." దీన్ని ఇంగ్లీష్‌లో మీ మాటల్లో పెట్టుకోండి. గిఫ్ట్ అక్కర్లేదు.

పక్కింటి అమెరికన్ పెద్దాయనకి కార్డ్ బాగుంటుంది, చేత్తో రాసి డోర్ దగ్గర పెట్టండి: "పోయిన చలికాలం మీ ఇంటి ముందు మంచు తీస్తూ మా డ్రైవ్‌వే కూడా తీసేశారు. మా ఇంటికి ఏ దేవత వచ్చి వెళ్ళిందా అనుకున్నాం, బూట్ల గుర్తులు చూస్తే మీ ఇంటి వైపే వెళ్ళాయి."

టైం సంగతి. బుధవారం అందరూ ప్రయాణాల్లో ఉంటారు, డ్రైవింగ్‌లో ఉన్నవాళ్ళకి పంపకండి. గురువారం పొద్దున మంచిది. ఇండియాకి చేయాలంటే నవంబర్‌లో ఈస్ట్ కోస్ట్‌కి పదిన్నర గంటల తేడా, వెస్ట్ కోస్ట్‌కి పదమూడున్నర. న్యూజెర్సీలో పొద్దున తొమ్మిదింటికి చేస్తే అక్కడ రాత్రి ఏడున్నర, అన్నాలు తినే ముందు, టీవీ సీరియల్ అప్పుడే మొదలవుతుంటుంది, బ్రేక్ వచ్చేదాకా ఆగాలి.

స్టెప్ 8: అమ్మానాన్నలకి

అన్నిటికన్నా కష్టమైనది ఇదే. మన ఇళ్ళల్లో అమ్మకి థాంక్స్ చెప్తే "ఏమైందిరా, ఒంట్లో బానే ఉందా? ఉద్యోగం ఉందా?" అని కంగారు పడతారు. అందుకే థాంక్స్ అన్న మాటతో మొదలుపెట్టకండి, ఒక పాత సంగతి గుర్తుచేయండి.

"అమ్మా, ఇవాళ ఇక్కడ జనానికి పులిహోర కలుపుతుంటే నువ్వు రైల్లోకి కట్టిచ్చే పొట్లం గుర్తొచ్చింది. నాకొక్కడికే అని ఇచ్చేదానివి, కంపార్ట్‌మెంట్‌లో సగం మంది తినేవాళ్ళు, ఇంకా మిగిలేది. ఇప్పుడు నాకూ కొలత తెలీట్లేదు, నీలాగే రెండు గుప్పెళ్ళు ఎక్కువ వేస్తున్నా."

అమ్మ దీనికి "పోపులో ఇంగువ వేశావా?" అంటుంది. అంటే అందింది అని అర్థం. ఇంక సాగదీయకండి, ఇంగువ గురించి మాట్లాడండి.

నాన్నతో ఇంకా తక్కువ మాటలు: "నాన్నా, వీసా ఇంటర్వ్యూ రోజు నా ఫోన్, బ్యాగ్ పట్టుకుని ఎండలో రోడ్డు మీద నిలబడ్డావు. నేను బయటికొస్తే ఏమైందని అడగలేదు, ముందు టిఫిన్ చేద్దాం పద అన్నావు. అది నాకు ఇప్పటికీ గుర్తుంది." అవతల కాసేపు నిశ్శబ్దం ఉంటుంది, తర్వాత "ఆ రోజు పెసరట్టు ఏం బాలేదు" అంటారు. అది కూడా అందినట్టే. ఇద్దరూ స్పీకర్‌లో ఉన్నప్పుడు కాకుండా ఎవరికి వాళ్ళకి విడిగా చేయండి, కలిపి చేస్తే నాన్న ఫోన్ అమ్మకిచ్చేసి లేచి వెళ్ళిపోతారు.

స్టెప్ 9: బాధగా గడిచిన సంవత్సరం అయితే

ఇంట్లో మనిషి పోయిన ఏడాది, ఉద్యోగం పోయిన ఏడాది, విడిపోయిన ఏడాది వచ్చిన థాంక్స్‌గివింగ్‌లో ఎవరినీ బలవంతంగా నవ్వించద్దు, "అయినా మనకి చాలా ఉంది కదా" అని వాళ్ళ తరఫున మీరు లెక్కలు వేయద్దు. అలాంటివాళ్ళు ఉంటే రౌండ్ మానేసి చీటీలు పెట్టండి, లేదా పోయినవాళ్ళ గురించే ఒక నవ్వొచ్చే సంగతి మీరు మొదలుపెట్టండి, ఆయన పేకాటలో ఎలా దొంగాట ఆడేవారో, ఆవిడ ఎవరి ఫోన్ వచ్చినా ముందు "తిన్నావా" అనే ఎందుకు అడిగేవారో. వాళ్ళు కలిస్తే కలుస్తారు, లేకపోతే వింటారు. పక్కన కూర్చుని ప్లేట్‌లో ఇంకో స్వీట్ వేయడం కూడా థాంక్స్ చెప్పడమే ఆ రోజు.

స్టెప్ 10: మీకు ఎవరైనా చెప్తే

"అయ్యో దానిదేముంది", "ఛ ఛ అదేం పెద్ద పనా" అని కొట్టిపారేయకండి. వాళ్ళు ధైర్యం చేసి చెప్పారు. "నువ్వు గుర్తుపెట్టుకున్నందుకు భలే సంతోషంగా ఉంది" అనండి, లేదా "ఆ సోఫా రోజు నాకూ సరదాగానే గడిచింది" అనండి. వెంటనే తిరిగి మీరూ ఒకటి అప్పజెప్పాల్సిన పనిలేదు, మీ వంతు వచ్చినప్పుడు చెప్పచ్చు.

గురువారం ఎవరో ఒకరు మిస్సవుతారు, అది తప్పదు. శుక్రవారం షాపింగ్ లైన్‌లో నిలబడ్డప్పుడు, ఆదివారం ట్రాఫిక్‌లో పక్క సీట్లో కూర్చున్నప్పుడు నోట్స్ తీసి టిక్ పడని పేర్లు చూడండి. లేట్ అయిందని మానేయకండి, "నిన్న బల్ల దగ్గర ఇరవై మంది ఉన్నారు, గోలలో చెప్తే పోతుందని నీకు విడిగా దాచాను" అని మొదలుపెట్టి పంపేయండి.